మూడు ప్రతులూ, ఒక తెరుచుకోని తలుపూ

నవంబరు 1, ఉదయం 7.10

నేటి నుంచి ఒక్క ఆర్ట్‌బుక్ కూడా కొనను.

ఈ వాక్యం రాసి, కింద సంతకానికి బదులు ఇంటిపేరు ముద్ర వేశాను. మామూలు ముద్ర కాదు, బ్యాంకు కాగితాలకు వాడేది. ఇక తిరుగులేదు.

కారణం: నిన్న సాయంత్రం ఇంటావిడ మురోయి గారు పైకొచ్చారు. చేతిలో ఐదు పెర్సిమన్ పళ్ళు. ఆవిడ పైవాటాలో పందొమ్మిదేళ్ళుగా అద్దెకుంటున్నాను, ఆ పళ్ళ భాష నాకు తెలుసు. రెండు పళ్ళంటే చెత్త తప్పు రోజున బయట పెట్టానని. మూడంటే బట్టలు ఆరేస్తే నీళ్ళు ఆవిడ పూలకుండీల్లో పడుతున్నాయని. ఐదు ఎప్పుడూ రాలేదు.

“కింద గోడ అల్మరా ఉంది చూశారూ, దాని జరుపుడు తలుపు వానాకాలం నుంచీ కదలట్లేదండీ” అన్నారు. “వడ్రంగి కుసాకా గారొచ్చి చూశారు. తలుపు బాగానే ఉందన్నారు. అని పెన్సిల్‌తో పైకి చూపించారు.”

“పైకంటే?”

“మీ వైపే. దూలం వంగి తలుపుని నొక్కేస్తోందట. పైన ఏముంటాయండీ?”

“పుస్తకాలండీ. కొన్ని.”

“కొన్నయితే దూలం వంగదన్నారు కుసాకా గారు.”

విషయం ఇదీ. ఈ నెల ఇరవై తొమ్మిదిన ఆవిడ భర్త ఎయికిచి గారి పదమూడో స్మారకం. చనిపోయిన ఏడాదినే ఒకటిగా లెక్కేస్తాం, అంటే ఆయన పోయి పన్నెండేళ్ళు. ఆయన చేత్తో చేసిన వస్తువొకటి ఆ అల్మరాలో ఉంది. ఏడో స్మారకానికి తీసి ఫోటో ముందు పెట్టారు, మళ్ళీ ఇప్పుడు పెట్టాలి. ఇరవై ఎనిమిదికల్లా తలుపు రాకపోతే కుసాకా గారు రంపంతో కోస్తారు. కానీ ఇప్పుడు దూలాన్ని మోస్తున్నది ఆ తలుపేనట. దాన్ని కోసేస్తే పైన మనిషిని ఉంచడం క్షేమం కాదట.

“అప్పుడు మీకు ఇంతకంటే మంచి గది దొరకాలని మనస్ఫూర్తిగా కోరుకుంటాను” అని మురోయి గారు నడుం వంచి నమస్కరించారు. మా ఊళ్ళో ఇంతకంటే భయంకరమైన వాక్యం లేదు.

నియమాలు:
1. కొత్తది కొనను.
2. రెండో ప్రతులూ మూడో ప్రతులూ అన్నీ పంపించేస్తాను.
3. సర్దేటప్పుడు ఏ పుస్తకమూ తెరవను.

సులువే. నెల్లాళ్ళుంది.

నవంబరు 2

లెక్క తేలింది. బొమ్మల కథల్లోని చిత్రాల్ని అసలు రంగుల్లో పెద్దగా అచ్చేసే ఈ ఆర్ట్‌బుక్‌లు మొత్తం 318. విడివిడి పేర్లు 131.

మిగతావి ఏమిటని ఎవరైనా అడగొచ్చు. అడిగేవాళ్ళు మనవాళ్ళు కారు. చూడటానికి ఒక ప్రతి, దాచడానికి ఒక ప్రతి, ఇంకొకరి చేతిలో పెట్టి వాళ్ళనీ ఈ దారికి లాగడానికి ఒక ప్రతి. ఇది నేను కనిపెట్టింది కాదు, ఈ పిచ్చి ఉన్న అందరూ పాటించేదే. మూడోదాన్ని ప్రచార ప్రతి అంటాం.

నా దగ్గరున్న ప్రచార ప్రతులు: 96. పందొమ్మిదేళ్ళలో నేను ఈ దారికి లాగినవాళ్ళు: సున్నా. డ్రైక్లీనింగ్ షాపులో నాతో పనిచేసే ఆవిడకు ఒకటిచ్చాను. ఇస్త్రీ బల్ల కాలు పొట్టిదైతే దాని కింద పెట్టింది. ఆ రోజు నుంచి ఎవరికీ ఇవ్వలేదు.

పది పుస్తకాలు ఎత్తుకుని బరువు యంత్రమెక్కాను. తర్వాత నా ఒక్కదాని బరువు తీసేయడానికి మళ్ళీ ఎక్కాను. తెలుసుకోకూడనివి రెండు తెలిశాయి.

సాయంత్రం కిందికెళ్ళి మురోయి గారూ నేనూ తలుపు చూశాం. కదల్లేదు. లెక్కపెట్టినంత మాత్రాన బరువు తగ్గదు, సహజం.

నవంబరు 4

పదకొండు పుస్తకాలు రెండు సంచుల్లో వేసుకుని తబాతా గారి పాత పుస్తకాల కొట్టుకి వెళ్ళాను. ఆయన కళ్ళజోడు ముక్కు చివరికి లాక్కుని ఒక్కో అట్టా తడిమారు.

“ఈ నాలుగింటికీ నడికట్టు ఏదీ?”

నడికట్టంటే అట్ట చుట్టూ ఉండే కాగితపు పట్టీ. ప్రచురణకర్త గొప్పలు చెప్పుకోవడానికి తప్ప దేనికీ పనికిరాదు. కానీ అది లేని పుస్తకాన్ని మా లోకంలో పుస్తకమనరు.

“దాచే ప్రతికి ఉందండీ. ప్రచార ప్రతికి చిరిగిపోయింది.”

“ఉసుయి గారూ, ఇవి నాకొద్దు. వీటిని ఎవరైనా కొన్నారంటే వాళ్ళకి పుస్తకాలంటే ఇష్టం లేనట్టు.”

నన్ను అన్నా ఊరుకునేదాన్ని. వాటినలా అనాథల్లా చూస్తే ఊరుకోలేను. ఆ నాలుగింట్లో ఒకదాని ఇంకో ప్రతి ఆయన కొట్లోనే నడికట్టుతో ఉంది. దాని పట్టీ తీసి నా ప్రతికి చుడితే నాది పూర్తవుతుంది, పూర్తయినదాన్ని అమ్మొచ్చు. కాబట్టి కొన్నాను. అమ్మడం కోసం కొన్నది కొనడం కిందికి రాదు.

ఇంటికొచ్చాక గుర్తొచ్చింది, ఇప్పుడు పట్టీ లేని ప్రతి మళ్ళీ ఒకటుంది.

వెళ్ళినవి ఏడు. వచ్చినవి ఒకటి. మొదటి రోజుకి ఇది గొప్ప ఫలితమే.

నవంబరు 5, సాయంత్రం 6.20

తలుపు కదిలింది. సరిగ్గా ఒక వేలు మందం.

“ఉత్తరపు గాలి మొదలైంది కదండీ. కొయ్య ఎండి ముడుచుకుంటుంది” అన్నారు మురోయి గారు.

పాపం, పెద్దావిడ. సంకల్పబలం ముందు గాలెంత.

నవంబరు 8

మూడో నియమం గురించి కొంచెం. తెరవకూడదని రాసుకున్నాను, నిజమే. కానీ పేజీలు ఒకదానికొకటి అంటుకున్నాయేమో చూడకుండా అమ్మితే మోసం కదా.

చేతులు కడుక్కుని, తుడుచుకుని, ఒకటి తెరిచాను. మధ్యాహ్నం భోజనమయ్యాక తెరిచాను. తలెత్తి చూస్తే కిటికీలో వెలుతురు పోయింది.

అది గొడుగు అమ్మాయి పుస్తకం. నాకు పద్నాలుగేళ్ళప్పుడు వారపత్రికలో వచ్చిన బొమ్మల కథ. ఆ పత్రిక కాగితం చేతికి గరుకుగా తగిలేది, ముద్రంతా బూడిద రంగు. ట్రామ్ ఆగే చోట ఒక అమ్మాయి వానలో నిలబడి ఉంటుంది. ఆమె గొడుగు ఎర్రదని నాకు తెలుసు. ఎవరూ చెప్పలేదు, నేనే తెలుసుకున్నాను. ఆ గొడుగుని మనసులో ఎర్రగా పట్టుకునే హైస్కూలు గట్టెక్కాను, నాన్న పోయిన ఏడాది గట్టెక్కాను.

ఇరవై నాలుగో ఏట ఈ ఆర్ట్‌బుక్ కొని తెరిస్తే, గొడుగు లేత ఆకుపచ్చ.

అసలు బొమ్మ అలాగే వేసిందట ఆ చిత్రకారిణి. నీటిరంగు. వాన గీతలకు కుంచె వాడలేదు, రంగు తడిగా ఉండగానే ఉప్పు చల్లి వదిలేసింది. పేజీ అడుగున కాఫీ చుక్క పడింది, దాన్నీ తుడవలేదు. పత్రికలో ఒక్క పేజీలో ఒదిగిన బొమ్మ ఇక్కడ ఒళ్ళంతా పరుచుకుని ఉంది. అమ్మాయి కనురెప్ప మీద తెల్ల సిరా చుక్క ఒక్కటి. అది కన్నీరో వానచుక్కో ఇప్పటికీ తేల్చుకోలేదు. ఒక మనిషి ఒక వారంలో ఇరవై పేజీల కథ గీసి, నిద్ర చాలక, అయినా ఆ చుక్క దగ్గర చేయి ఆపి ఆలోచించింది కదా అని ఏడుపొస్తుంది. అందుకే కొంటాను. ఇంకే కారణమూ లేదు.

తెరవకూడదని అందుకే రాసుకున్నాను.

నవంబరు 10

మెరుపులాంటి ఆలోచన. పుస్తకాలు ఈ ఇంట్లోంచి పోనక్కర్లేదు, పై అంతస్తులోంచి పోతే చాలు. మురోయి గారికి ఒకటి అరువిచ్చాను. గొడుగు అమ్మాయి పుస్తకం ప్రచార ప్రతి. తెల్ల గ్లౌజులు కూడా ఇచ్చాను.

“ఇవెందుకండీ?”

“వేలిముద్రలు పడకుండా.”

“మా ఆయన దహనమయ్యాక ఎముకలేరడానికి కూడా చాప్‌స్టిక్స్ ఇచ్చారు గానీ గ్లౌజులివ్వలేదు” అన్నారు. కానీ తొడుక్కున్నారు.

పైనుంచి తగ్గిన బరువు: ఒక కిలో రెండు వందల గ్రాములు. కిందివాటా ముందు భాగమంతా ఒకప్పుడు ఎయికిచి గారి సెలూన్. గచ్చు నేల, అద్దం, తిరిగే కుర్చీ ఒకటి ఇంకా అలాగే ఉన్నాయి. అంత ఖాళీ చోటు చూసి మనసులో ఒక మాట మెదిలింది. అడగలేదు. అద్దెకున్నవాళ్ళు ఇంటావిడకి బరువు మోపడమేమిటి.

నవంబరు 13

రెండు వేళ్ళు.

మురోయి గారు టీ ఇచ్చి, పుస్తకం అదే పేజీ దగ్గర తెరిచి పెట్టారు.

“ఈ గొడుగు ఎర్రది కదూ?”

“నేనూ అలాగే అనుకునేదాన్నండీ. ఆకుపచ్చ.”

“నిజంగానా?” ఆవిడ పేజీని వెలుతురు వైపు తిప్పి చూశారు. “ఎర్రగా చూసినట్టు గుర్తు.”

డెబ్బై ఎనిమిదేళ్ళ మనిషి మాంగా బొమ్మల కథల వారపత్రికలో గొడుగు రంగు ఎందుకు ఊహించుకుంటుందో అడగాల్సింది. అడగలేదు. నా రెండు వేళ్ళ విజయం మీదే ధ్యాసంతా. ఇంత క్రమశిక్షణ ఉన్న మనిషి తనకు తానే చిన్న కానుక ఇచ్చుకోవచ్చని అనిపించింది. ఒక్కటి.

నవంబరు 15

ఒక్కటే కొనాలని వెళ్ళాను. అది నిజం.

కొత్త ఆర్ట్‌బుక్ విడుదల. స్టేషన్ దగ్గర కొట్లో కొంటే నక్క కానుక బొమ్మ ఇస్తారు. రెండో కొట్లో అదే పుస్తకం కొంటే చంద్రుడి బొమ్మ. మూడో కొట్లో నక్కా చంద్రుడూ కలిసి. నక్క ఒక్కతే ఎలా ఉంటుంది. చంద్రుడు మాత్రం ఎలా ఉంటాడు.

మూడోదాని అంచు ఇంటికొచ్చాక చూస్తే నొక్కుకుపోయి ఉంది. దాచే ప్రతికి నొక్కు ఉండకూడదు.

నాలుగు.

నవంబరు 16

కారణాలు, ఎవరైనా అడిగితే:
అది కొత్తది, కాబట్టి పాత బరువులోకి రాదు.
తేలికైన కాగితం. (కాదు.)
ఎవరూ అడగలేదు.

నవంబరు 18

కొత్త ఉపాయం. తలుపుకి సరిగ్గా పైనున్నది తూర్పు గోడ. కాబట్టి పుస్తకాలు పడమటి గోడకు మార్చేస్తే దూలానికి ఊపిరాడుతుంది. షాపుకి సెలవు పెట్టి పొద్దుటి నుంచి మోశాను. నడుం పట్టేసింది. తెలివంటే ఇదని అనుకుంటూ కిందికెళ్ళాను.

అల్మరా తలుపు మూడు వేళ్ళు తెరుచుకుంది. మురోయి గారు మాత్రం కనిపించలేదు.

“మురోయి గారూ?”

“ఇక్కడున్నానండీ” అని గొంతు వినిపించింది. మరుగుదొడ్డిలోంచి. “తలుపు రావట్లేదు.”

పడమటి గోడ కింద ఏముందో నేను ఆలోచించలేదు.

పైకి పరుగెత్తాను. మోసినవి మోసినట్టే మళ్ళీ తూర్పుకి మోశాను. రెండు గంటలు పట్టింది. ఆవిడ బయటికొచ్చి, ముఖంలో ఏ మార్పూ లేకుండా, “పుస్తకం వెంట ఉంది కాబట్టి పొద్దుపోయిందండీ” అన్నారు.

పెద్దావిడ అంతసేపు ఇరుక్కుపోయిందే అని కదా మనిషన్నవాళ్ళకి ముందు తోచాలి. నాకు తోచింది: ప్రచార ప్రతి, మరుగుదొడ్డిలో. నామీద నాకే సిగ్గేసింది. గ్లౌజులు వేసుకునే ఉన్నారు, అదొక్కటే ఊరట.

అల్మరా తలుపు: మళ్ళీ ఒక వేలు.

నవంబరు 22

రెండు రోజులుగా వాన. తలుపు పూర్తిగా మూసుకుపోయింది. వేలు కాదు, గోరు కూడా పట్టదు.

తేమకి కొయ్య ఉబ్బుతుంది. ఇది ప్రకృతి. నేనేం చేయగలను.

ఉత్తరపు గాలికి తెరుచుకున్నప్పుడు నా సంకల్పమని రాసుకున్నాను. వానకి మూసుకున్నప్పుడు ప్రకృతి అని రాస్తున్నాను. ఆడలేక మద్దెల ఓడంటే ఇదే. ఈ డైరీ ఎవరూ చదవకపోవడమే మంచిది.

మురోయి గారు ఈసారి పళ్ళు తేలేదు. “ఇరవై ఎనిమిదిన పదింటికి కుసాకా గారిని రమ్మన్నానండీ” అని మాత్రం చెప్పి, మెట్లు దిగుతూ ఒకసారి ఆగి, “పర్వాలేదు లెండి” అన్నారు. తిట్టినా బాగుండేది.

నవంబరు 24

ఈసారి నిజంగా. నాలుగు సంచులు. తబాతా గారు సంచుల వంక కూడా చూడలేదు.

“మీరు అమ్ముతానని రావడం ఇది నాలుగోసారి. మొదటిసారి తప్ప ప్రతిసారీ వచ్చినప్పటికంటే బరువుగా వెళ్ళారు. వద్దండీ, నాకే భయంగా ఉంది.”

“ఈసారి ఒట్టు.”

“అలాగా. గొడుగు అమ్మాయి పుస్తకం వచ్చింది, నడికట్టుతో సహా. రెండు ప్రతులు. చూస్తారా?”

అద్దాల బీరువాలో రెండూ పక్కపక్కనే ఉన్నాయి. పట్టీ మీద చిన్న మరక కూడా లేదు. నేను చేతులు వెనక్కి కట్టుకుని, నావి మూడూ నా దగ్గరున్నాయి, అక్కర్లేదు అన్నాను. ఆయన కళ్ళజోడు తీసి నన్ను చూశారు.

కొనలేదు. సంకల్పమంటే ఇదీ.

(వేరేది ఒకటి కొన్నాను. చిన్నది.)

నవంబరు 26

318తో మొదలుపెట్టాను. ఇవాళ 319.

పందొమ్మిదేళ్ళుగా ఉన్న గది. కిటికీలోంచి రైలు కనిపిస్తుంది. సర్దుకోవాలి. గది పోతుందన్నది ఒక బాధ. ఆ పెద్దావిడ పన్నెండేళ్ళ తర్వాత కూడా భర్త ముందు పెడదామనుకున్న ఒకే ఒక్క వస్తువుకీ ఆవిడకీ మధ్య నా కానుక నక్క కూర్చుని ఉంది. అది అసలు బాధ. వ్యంగ్యంగా రాద్దామంటే రావట్లేదు.

నవంబరు 28

ఉదయం 9.50. కుసాకా గారు రంపంతో వచ్చారు. నేను కిందే ఉన్నాను, చేతిలో క్షమాపణకు తెచ్చిన మిఠాయి పెట్టె. మురోయి గారు అల్మరా ముందు నేల మీద కూర్చుని తలుపు మీద చేయి పెట్టి ఉన్నారు. కుసాకా గారు రంపం సంచిలోంచి తీశారు.

“ఒక్క నిమిషమాగండి” అన్నాను. ఆ మాట నా నోట్లోంచే వచ్చిందని నాకు కొంచెం ఆలస్యంగా తెలిసింది. “పుస్తకాలు ఈ సెలూన్లో పెట్టుకోవచ్చా అండీ? ఒక్క పూటకి.”

మురోయి గారు తలెత్తారు. “పెట్టుకోండి. నెల్లాళ్ళుగా నేనే అడుగుదామనుకున్నాను. మీ వస్తువులు కిందికి దించమంటే మీకు ఇబ్బందేమోనని.”

“నేనూ మీకు ఇబ్బందేమోనని.”

కుసాకా గారు రంపాన్ని మళ్ళీ సంచిలో పెట్టారు. “నేను మొదటి రోజే అనుకున్నా” అన్నారు. “కింద ఇంత గచ్చు నేల ఖాళీగా ఉంటే ఈ ఇద్దరూ ఎందుకు దించట్లేదా అని. ఏదో కారణముంటుందిలే, మనమెందుకు మధ్యలో అని ఊరుకున్నా.”

ముగ్గురం మర్యాదస్తులం. నెల రోజుల మర్యాద.

మోశాం. ఆయన ఇరవయ్యేసి తెస్తుంటే నేను పదేసి. కాసేపటికి మురోయి గారు గ్లౌజులు తొడుక్కుని మెట్ల దగ్గర అందుకోవడం మొదలుపెట్టారు. తిరిగే కుర్చీ మీద నలభై, అద్దం ముందు బల్ల మీద అరవై. ఒంటి గంటన్నరకి పైన చివరి వరుస ఎత్తుతుంటే కాళ్ళ కింద నేల ఒక్కసారి కిర్రుమంది. కిందికి దిగి చూస్తే మురోయి గారు ఒక్క వేలితో తలుపు జరుపుతున్నారు. చివరిదాకా జరిగింది.

నెల్లాళ్ళుగా కాని పని ఒక పూటలో అయింది. సంకల్పం అక్కర్లేకపోయింది, అడగడానికి నోరుంటే సరిపోయింది.

లోపల గోధుమరంగు కాగితంలో చుట్టిన కట్ట ఒకటి. “రేపు విప్పుతాను” అన్నారు.

నవంబరు 29

గుడి పూజారి వచ్చి మంత్రాలు చదివి, టీ తాగి, నా 319 పుస్తకాల మధ్యనుంచి ఒద్దికగా నడిచి వెళ్ళిపోయారు. తర్వాత మురోయి గారు కట్ట విప్పారు.

చేతికుట్టు పుస్తకాలు, ఏడు. సెలూన్లో గిరాకీలు చదివి పారేసిన వారపత్రికల్లోంచి ఎయికిచి గారు పేజీలు కోసి, దారంతో కుట్టారు. కోసినవన్నీ పెద్ద బొమ్మలే. కుట్టు బాగా గట్టిగా ఉంది. ప్రతి బొమ్మకీ ఆయనే రంగులు వేశారు.

రెండే రంగులు. ఎరుపూ నీలమూ.

“సెలూన్లో ఉన్నది ఒకటే పెన్సిలు” అన్నారు మురోయి గారు. “అటు కొస ఎరుపు, ఇటు కొస నీలం. తారీఖు పుస్తకంలో గుర్తులు పెట్టుకోవడానికి కొన్నది. గిరాకీ లేనప్పుడల్లా దీంతోనే కూర్చునేవారు. పిల్లాడిలా ఏమిటండీ ఇది అంటే, ఇంత మంచి బొమ్మని బూడిద రంగులో వదిలేస్తే పాపం అనేవారు.”

నాలుగో పుస్తకం మధ్యలో ట్రామ్ ఆగే చోటు. వానంతా నీలం. గొడుగు ఎరుపు, గీత దాటకుండా, ఓపిగ్గా, మూడు సార్లు అద్దినట్టుంది. పద్నాలుగో ఏట నుంచీ నేను మోసిన గొడుగు. ఆయన్ని నేను మెట్ల మీద నమస్కారం పెట్టడం తప్ప ఎరగను. ఏడేళ్ళు ఒకే ఇంట్లో ఉన్నాం.

“నిజంగా ఎర్రదేనండీ” అన్నాను. 

“అబద్ధమాడకండి. ఆకుపచ్చని మీరే చూపించారు.” ఆవిడ లేచి, పూజ అరలో ఎయికిచి గారి ఫోటో ముందు పెట్టిన నా ప్రచార ప్రతి తెచ్చారు. “అడక్కుండా చేశాను. తప్పే. మరుగుదొడ్డిలో ఇరుక్కున్న రోజున జేబులో ఆ పెన్సిలుంది.”

తెరిచారు. ఆ చిత్రకారిణి నీటిరంగు మీద, లేత ఆకుపచ్చ మీద, పెన్సిల్ ఎరుపు. గ్లౌజులు వేసుకుని వేసినందువల్లనేమో, రెండు చోట్ల గీత దాటింది.

నా 319లో అంచు నొక్కుకుపోయిందని పక్కన పడేసినవి ఉన్నాయి. నడికట్టు చిరిగిందని ఏడ్చినవి ఉన్నాయి. ఇదేమో నిండుగా పాడైపోయిన పుస్తకం. నా దగ్గరున్న అన్నిటిలోకీ మంచి ప్రతి ఇదేనని నాకు అప్పుడే తెలిసింది. ఆవిడ ముందే కూర్చుని ఏడ్చాను.

“ఇది ఆయన దగ్గరే ఉండనిద్దామండీ” అన్నాను.

పందొమ్మిదేళ్ళలో ఈ దారికి లాగినవాళ్ళు: ఒకరు.

డిసెంబరు 1, ఉదయం 7.10

నేటి నుంచి ఒక్క ఆర్ట్‌బుక్ కూడా కొనను.

పైన గది ఖాళీ. మాట ప్రతిధ్వనిస్తోంది. పుస్తకాలన్నీ సెలూన్లోనే ఉండనివ్వమని మురోయి గారన్నారు. కింద అల్మరా తలుపు పూర్తిగా తెరుచుకుంటుంది, మూసుకుంటుంది. పైన ఒక్క చిన్న పుస్తకాల అల్మరాకైతే దూలానికి ఇబ్బంది లేదని కుసాకా గారన్నారు. ఆయన ఆ మాట అనకుండా ఉండాల్సింది. అయినా నాకు పుస్తకాల అల్మరా అక్కర్లేదు. సంకల్పం గట్టిది. ముద్ర వేశాను.

7.25

ముద్ర సిరా ఆరకముందే మురోయి గారొచ్చారు. చేతిలో ఐదు పెర్సిమన్ పళ్ళు. రెండుసార్లు లెక్కపెట్టాను.

“ఏమైందండీ? తలుపా?”

“తలుపు బాగానే ఉంది. మీరు చెప్పిన ఆ తబాతా గారి కొట్లో గొడుగు అమ్మాయి పుస్తకాలు రెండున్నాయన్నారు కదా. ఇంకా ఉంటాయంటారా?”

“ఉండొచ్చండీ. ఎందుకు?”

“ఎవరైనా ఎగరేసుకుపోతారేమోనని రాత్రంతా నిద్ర లేదు. ఒక్కదాన్ని వెళ్తే నడికట్టు మంచిదో కాదో నాకు తెలీదు.”

“రెండూనా?”

“మరి?” అన్నారు, నేనే ఏదో తెలియనిదాన్నైనట్టు. “చూడ్డానికొకటి, దాచడానికొకటి. ఆయనది ఎటూ ఆయన దగ్గరుంది.”

నాకు ప్రచార ప్రతి ఒకటి లోటని అప్పుడే గుర్తొచ్చింది. మూడోది ఎక్కడైనా దొరుకుతుందేమో తబాతా గారినడగాలి.

రాసిన కాగితంలో దిద్దుబాటు చేస్తే ఆ దిద్దిన చోట ముద్ర వేయాలి, అదీ పద్ధతి. మురోయి గారిని పెన్సిలు అడిగి, దాని ఎర్ర కొసతో ‘నేటి’ కొట్టేసి, పైన ‘రేపటి’ అని రాసి, మళ్ళీ ముద్ర వేశాను. తబాతా గారి కొట్టు పదింటికి తెరుస్తారు.